49 రోజుల సిపాయి: రెమార్క్ గురించి తరచుగా అడిగే ప్రశ్నలు

బెంగళూరు కబ్బన్ పార్కులో, ఎర్ర లైబ్రరీ భవనానికి కాస్త అవతల, వెదురు పొదల నీడలో ఆదివారం పొద్దున్నే మేం కొంతమంది తెలుగువాళ్లం చేరి పుస్తకాలు చదువుకుంటాం. ఐటీ వాళ్లున్నారు, ఇద్దరు టీచర్లున్నారు, రిటైరైన సుబేదారు గారొకరున్నారు, మా నాన్నా ఉన్నారు. నాన్న మద్రాస్ శాపర్స్‌లో (సైన్యంలో ఇంజినీరు పనులు చేసే దళం) హవల్దారుగా చేసి రిటైరయ్యారు. హలసూరు చెరువు పక్కనున్న ఆ సెంటర్‌లోనే ఆయన ట్రెయినింగు, ఆ దగ్గర్లోనే మా కాపురం.

ఆరు నెలలుగా మేం చదువుతున్నది ఎరిక్ మరియా రెమార్క్‌ని. కొత్తగా వచ్చిన ప్రతివాళ్లూ అవే ప్రశ్నలు అడుగుతున్నారు. ప్రతి ఆదివారం మొదటి నుంచి చెప్పుకు రావడం నా వల్ల కాక ఇక్కడ రాసి పెడుతున్నాను.

అసలు ఎవరీ రెమార్క్?

జర్మన్ రచయిత. 1898 జూన్ 22న ఓస్నాబ్రుక్ అనే ఊళ్లో పుట్టాడు. తండ్రి పుస్తకాలు బైండింగు చేసేవాడు. ఇంట్లో పుస్తకాల వాసన తప్ప డబ్బు వాసన లేదు. బడిపంతులు కావాలని ట్రెయినింగు తీసుకుంటుండగా, మొదటి ప్రపంచ యుద్ధం మధ్యలో, 1916 నవంబర్‌లో సైన్యంలోకి పిలుపొచ్చింది. అప్పటికి పద్దెనిమిదేళ్లు.

1917 జూన్ 12న పశ్చిమ రంగానికి, అంటే ఫ్రాన్స్, బెల్జియం వైపు కందకాలకి, పంపారు. జులై 31న ఫిరంగి గుండు పెంకులు ఎడమ కాలికీ, కుడి చేతికీ, మెడకీ తగిలాయి. బెల్జియంలోని ఈప్రె దగ్గర బ్రిటిష్ సైన్యం పెద్ద దాడి మొదలుపెట్టిన రోజది. స్ట్రెచర్ మీద వెనక్కి తెచ్చి జర్మనీలోని డ్యూస్‌బర్గ్ ఆసుపత్రిలో వేశారు. మళ్లీ ముందు వరుసకి వెళ్లలేదు.

1929లో వచ్చిన ‘ఆల్ క్వయిట్ ఆన్ ద వెస్టర్న్ ఫ్రంట్’ ఇతని నవలే. యుద్ధ నవల అనగానే ప్రపంచంలో సగం మందికి ముందు గుర్తొచ్చే పేరు అదే.

లెక్కేస్తే 49 రోజులే కదా! అంత తక్కువ చూసినవాడు యుద్ధం గురించి ఏం రాస్తాడు?

మా గుంపులో ఎక్కువ గొడవ జరిగింది దీని మీదే. సుబేదారు గారు మొదటి రోజే, “నలభై తొమ్మిది రోజులా? అది మాకు ఒక విడత లీవు” అని తేల్చేశారు. రెమార్క్ బతికుండగా శత్రువులు పట్టుకున్న పాయింటూ ఇదే. అసలు ముందు వరుసకే పోలేదని ప్రచారం చేశారు. అది అబద్ధం. పోయాడు, పనిచేశాడు, దెబ్బ తిన్నాడు. అయితే ఎక్కువ కాలం లేడన్నది నిజం.

దీనికి జవాబు ఆసుపత్రిలో ఉందని నా నమ్మకం. ముందు వరుసలో ఉన్నది వారాలు, ఆసుపత్రిలో ఉన్నది ఏడాదికి పైన. 1918 అక్టోబర్ చివర్లో గానీ వదల్లేదు. గాయాలు కాస్త మానాక ఆసుపత్రి ఆఫీసులోనే గుమస్తా పని ఇచ్చారు. రోజూ రైళ్లలో గాయపడ్డవాళ్లు వచ్చేవాళ్లు. కాళ్లు పోయినవాళ్లు, ఊపిరితిత్తుల్లో గ్యాసు పట్టినవాళ్లు, దవడ లేనివాళ్లు. వాళ్ల పేరు, ఊరు, రెజిమెంటు రాసుకోవాల్సిన కుర్చీలో పంతొమ్మిదేళ్ల కుర్రాడు కూర్చున్నాడు. ముందు వరుసలో ఉన్న మిత్రులకు ఉత్తరాలు రాసి అక్కడి సంగతులు అడిగేవాడు. యుద్ధం మీద ఏదో రాయాలన్న ఆలోచన అక్కడే మొదలైంది.

కందకంలో ఉన్నవాడికి తన ముందున్న పది గజాలే కనిపిస్తాయి. వార్డులో పక్క మంచం వాడు మాట్లాడతాడు. పగలు జోకులేస్తాడు, రాత్రి పన్నెండు దాటాక అసలు సంగతి చెప్తాడు. రెమార్క్ రాసింది తను చేసిన యుద్ధం కంటే తను విన్న యుద్ధం ఎక్కువ. నవలలో ఆసుపత్రి అధ్యాయం చదివితే ఇది తెలిసిపోతుంది. మొత్తం పుస్తకంలో తడుముకోకుండా, అతి ప్రశాంతంగా, అందుకే అతి భయంకరంగా రాసిన పేజీలవి. యుద్ధమంటే ఏమిటో ఆసుపత్రి ఒక్కటే చూపిస్తుందని కథ చెప్పే కుర్రాడు అనుకుంటాడు.

ఇంకో సంగతి. ఎర్నెస్ట్ యూంగర్ అనే మరో జర్మన్ దాదాపు నాలుగేళ్లు ముందు వరుసలో ఉన్నాడు, పద్నాలుగు సార్లు గాయపడ్డాడు. 1920లో అతనూ పుస్తకం రాశాడు. గొప్ప పుస్తకమే, కానీ అందులో యుద్ధం మనిషిని పదును పెట్టే సాన. ఎక్కువ రోజులున్నవాడే ఎక్కువ నిజం రాస్తాడన్న లెక్క అక్కడే తప్పుతుంది. సుబేదారు గారు దీనికి ఇంకా ఒప్పుకోలేదు. ఒప్పుకోరు కూడా.

రెమార్క్ చేసిన పని ఏమిటి? తుపాకీ పట్టాడా?

పదాతి రెజిమెంటులోనే ఉన్నా, ఇతని ప్లటూను (చిన్న దళం) ఇంజినీరు పనులు చేసే ప్లటూను. కందకాలు తవ్వడం, ముళ్లకంచెలు వేయడం, దారులు బాగుచేయడం, చాలావరకు రాత్రిపూట, ఫిరంగుల కింద. మన భాషలో చెప్పాలంటే శాపర్ పని.

ఈ ముక్క చెప్పినప్పుడు అప్పటిదాకా వేరుశనక్కాయలు ఒలుచుకుంటున్న నాన్న తలెత్తారు. “మనోడేనా?” అన్నారు. ఆ రోజు నుంచి ఆయనకి రెమార్క్ మనోడు. ఆ తర్వాత ఒక్క ఆదివారం కూడా మానలేదు.

గాయం 1917లో, నవల 1929లో. అన్నేళ్లు ఏం చేశాడు?

ఏం చేయలేదో అడగండి. కొన్నాళ్లు పల్లెటూరి బడిలో పంతులు. తర్వాత సమాధి రాళ్ల వ్యాపారంలో సేల్స్‌మన్. పిచ్చాసుపత్రి చర్చిలో ఆదివారాలు ఆర్గన్ వాయించాడు. టైర్ల కంపెనీ పత్రికకు ఎడిటరయ్యాడు, బెర్లిన్ వెళ్లి ఒక ఆటల పత్రికలో చేరాడు. 1920లోనే ఒక నవల అచ్చయింది. అది ఎంత నాసిరకమో తనకే తెలిసి జీవితాంతం సిగ్గుపడ్డాడు.

పగలు పత్రికాఫీసు, సాయంత్రాలు ఇంట్లో రాత. అలా కొద్ది వారాల్లోనే ఈ నవల పూర్తయింది. రాయడానికి వారాలు, రాయగలిగే స్థితికి రావడానికి పదేళ్లు. ఒక పెద్ద ప్రచురణకర్త, యుద్ధం గురించి ఇప్పుడెవరు చదువుతారు అని తిప్పి పంపేశాడు. (ఆయన తర్వాత ఎన్ని రాత్రులు నిద్రపోలేదో.) చివరికి 1928 నవంబర్ 10 నుంచి బెర్లిన్‌లో ‘వోసిషె త్సైటుంగ్’ దినపత్రికలో సీరియల్‌గా వచ్చింది, 1929 జనవరి చివర్లో పుస్తకమైంది. మొదటి ఏడాదిన్నరలో 22 భాషల్లో 25 లక్షల కాపీలు అమ్ముడయ్యాయి.

కథ చెప్పేస్తారా, దాచిపెడతారా?

చెప్పేస్తాను. ఈ పుస్తకానికి సస్పెన్స్ లేదు, చివర్లో ఎవరు మిగులుతారో పదో పేజీకే అర్థమైపోతుంది.

పాల్ బాయిమర్ అనే కుర్రాడు, అతని క్లాసువాళ్లు. కాంటోరెక్ అనే మాస్టారు క్లాసులో దేశం, త్యాగం, వీరత్వం అంటూ ఊదరగొట్టి అందర్నీ సైన్యంలో చేర్పిస్తాడు. ఇంట్లో కూర్చుని చెప్పే ఉత్తరకుమార ప్రగల్భాలు మనకి కొత్త కాదు కదా. అక్కడ వాళ్లకి కాట్చిన్‌స్కీ దొరుకుతాడు, అందరూ ‘కాట్’ అంటారు. నలభై ఏళ్లవాడు, చెప్పులు కుట్టే వృత్తి, ఏ ఎడారిలో వదిలినా గంటలో తిండి పట్టుకురాగలడు. కుర్రాళ్లకి అతనే తండ్రి, అతనే గురువు. ఒక్కొక్కరే పోతారు. చివరికి కాట్ కాలికి దెబ్బ తగిలితే పాల్ భుజాన వేసుకుని మోసుకొస్తాడు. దారిలో చిన్న పెంకు ముక్క కాట్ తలకి తగులుతుంది. పాల్‌కి తెలియదు. శవాన్ని మోసుకొచ్చి దించుతాడు. పాల్ 1918 అక్టోబర్‌లో పోతాడు.

మొదటి సీను గురించి మాత్రం కాస్త ఎక్కువ చెప్పాలి. పద్నాలుగు రోజులు ముందు వరుసలో ఉండి పాల్ వాళ్ల దళం వెనక్కి వచ్చింది. వంటవాడు నూట యాభై మందికి చిక్కుడు గింజలూ మాంసమూ వండి పెట్టాడు. వచ్చింది ఎనభై మంది. కుర్రాళ్లు సంబరపడిపోతారు: రెండింతలు తిండి, రెండింతలు సిగరెట్లు! వంటవాడు మాత్రం ఎనభై మందికి నూట యాభై మంది రేషన్ ఎలా ఇస్తానని మొండికేస్తాడు. చచ్చినవాళ్ల గురించి ఎవరూ ఒక్క మాటనరు. గిన్నెలు పట్టుకుని పోట్లాడుకుంటారు.

దీన్ని నేను తెలుగులో చెప్పుకుంటూ పోతున్నాను. నాన్న మధ్యలో ఆపారు. “లంగర్‌లో అన్నం మిగిలిన రోజు మాకూ ఒకటుంది,” అన్నారు. లంగర్ అంటే ఆర్మీ వంటశాల. మేమంతా ఆగాం. ఆయన వేరుశనక్కాయ పొట్టు చేత్తో ఊడ్చి పొట్లంలో వేసి, “చదువు, చదువు,” అన్నారు. నాకు యాభై దాటాయి. ఆ మాట ఇంట్లో అంతకు ముందెప్పుడూ వినలేదు.

బూట్ల సంగతేమిటి? అందరూ బూట్ల గురించే మాట్లాడుతున్నారు.

కెమ్మరిఖ్ అనే కుర్రాడికి కాలు తీసేశారు. మంచం కింద మెత్తటి పసుపు తోలు బూట్లున్నాయి, మోకాళ్ల దాకా లేసులు. చూడ్డానికొచ్చిన ముల్లర్ కన్ను వాటి మీద పడుతుంది. “నీకెలాగూ పనికిరావు కదా” అన్నట్టు అడిగేస్తాడు. మొదటిసారి చదివితే వీడెంత పాపిష్టివాడో అనిపిస్తుంది. పాల్ అలా అనుకోడు. ముల్లర్ చెడ్డవాడు కాదు, కెమ్మరిఖ్‌కి ఉపయోగపడితే ముళ్లకంచె మీద ఒట్టికాళ్లతో పరిగెత్తేవాడే. బతికే అవకాశం ఉన్నవాడికి మంచి బూట్లు కావాలి, అంతే లెక్క. తర్వాత ముల్లర్ పోతాడు, బూట్లు పాల్‌కొస్తాయి. తన తర్వాత ఎవరికో పాల్ అప్పుడే మాటిచ్చేస్తాడు.

మా ఇంట్లో అటక మీద నల్లటి ట్రంకు పెట్టె ఉంది. మూత మీద తెల్ల పెయింటుతో నాన్న నంబరు, పేరు. అందులో ఒక జత బూట్లున్నాయి, పాలిష్ పెట్టిన పాత గుడ్డలో చుట్టి. చిన్నప్పుడు ఒకసారి వేసుకుని నడిచాను. వీపు మీద ఒక్కటి పడింది. ఎవరివని అప్పుడు అడగలేదు. నాన్న పాదం తొమ్మిదో నంబరు. ఆ బూట్లు ఏడు.

పేరు అర్థం ఏమిటి? తెలుగులో ఎలా అనాలి?

జర్మన్ పేరు ‘ఇమ్ వెస్టెన్ నిఖ్ట్స్ నోయెస్’. మాటకి మాట పెడితే ‘పడమట కొత్తగా ఏమీ లేదు’. సైన్యం రోజూ ఇచ్చే యుద్ధ ప్రకటన భాష అది. పాల్ పోయిన రోజు అంతా ప్రశాంతంగా ఉండటంతో ప్రకటనలో ఆ ఒక్క ముక్కే రాశారని పుస్తకం చివర ఉంటుంది. ఒక మనిషి చావడం ‘కొత్త’ కాదు. ఇంగ్లీషు పేరులో ఆ ‘కొత్త’ పోయి ‘నిశ్శబ్దం’ వచ్చింది. పలకడానికి ఇంగ్లీషు పేరే బాగుంటుంది, గుచ్చుకునేది మాత్రం జర్మన్ పేరు. మా గుంపులో ‘పడమటి కబురు’ అని పిలుచుకుంటున్నాం. “ఊళ్లో విశేషాలేంటి?” “ఏముంటాయి, మామూలే” అని మనం ఫోన్లో అంటాం చూడండి, ఆ ‘మామూలే’ అన్నమాట.

1929లోనే ఇంగ్లీషులోకి తెచ్చిన ఆర్థర్ వీన్ ఆస్ట్రేలియావాడు, అదే యుద్ధంలో అవతలి పక్షాన పోరాడి పతకం తెచ్చుకున్నవాడు. నాలుగేళ్లు ఒకరి మీద ఒకరు గుళ్లు కురిపించుకున్న రెండు సైన్యాల సిపాయిలు ఒకే పుస్తకానికి కలిశారు. 1994లో బ్రయన్ మర్డాక్ చేసిన కొత్త అనువాదం వచ్చింది. ఇప్పటి ఇంగ్లీషు అలవాటైనవాళ్లకి అది సుఖంగా సాగుతుంది.

హెమింగ్వే కూడా ఆ యుద్ధం సిపాయే కదా?

కాదు. రెడ్‌క్రాస్ అంబులెన్స్ నడిపాడు. 1918 జులైలో ఇటలీలో గాయపడ్డాడు.

బెంగళూరులో కూర్చుని జర్మన్ కందకాల గురించి చదవడమేమిటి? మనకేం సంబంధం?

సంబంధం ఉంది, అదీ నడిచి వెళ్లేంత దూరంలో.

ఆ యుద్ధంలో సిపాయిల్ని ఎక్కువ భయపెట్టినవాటిలో ముళ్లకంచె ఒకటి. దాన్ని పేల్చే పైపుబాంబు పేరే ‘బెంగళూరు టార్పెడో’. మందుగుండు కూరిన పైపుల్ని ఒకదానికొకటి బిగించి కంచె కిందకి తోసి పేలిస్తే మనుషులు దూరేంత దారి పడుతుంది. 1912లో ఇక్కడి మద్రాస్ శాపర్స్‌లో ఉన్న మెక్‌క్లింటాక్ అనే కెప్టెన్ తయారుచేశాడు. మన ఊరి పేరు పెట్టుకుని ఆ పైపు రెండు ప్రపంచ యుద్ధాలు తిరిగొచ్చింది. నాన్న దాన్ని ‘బీటీ’ అంటారు, పాత స్నేహితుడి పేరు చెప్పినట్టు.

బ్రిగేడ్ రోడ్డు, రెసిడెన్సీ రోడ్డు కలిసే చోట రాతి స్తంభం ఒకటుంటుంది. రోజూ వేలమంది దాని పక్కన సెల్ఫీలు దిగి, దోసెలు తిని వెళ్తారు. మొదటి ప్రపంచ యుద్ధంలో పోయిన మద్రాస్ పయనీర్ల స్మారకం అది. పయనీర్లంటే రోడ్లు వేస్తూ, కందకాలు తవ్వుతూ అవసరమైతే పోరాడే సిపాయిలు. జేసీ నగర్ వైపు మైసూర్ లాన్సర్ల (బల్లేల గుర్రపు దళం) స్మారకం ఉంది. 1918 సెప్టెంబర్ 23న, ఇప్పటి ఇజ్రాయెల్‌లో ఉన్న హైఫా మీద జోధ్‌పూర్ లాన్సర్లతో కలిసి గుర్రాలతో దూకింది వాళ్లే.

ఇక రెమార్క్ ఉన్న పశ్చిమ రంగానికి మన పదాతి సిపాయిలు 1914లోనే వెళ్లారు. 1915 మార్చిలో ఫ్రాన్స్‌లోని నవ్ షాపెల్ దగ్గర పోరాడారు. ఆ ఏడాది చివర్లో ఎక్కువమందిని మెసపొటేమియాకి (ఇప్పటి ఇరాక్) మార్చారు కాబట్టి రెమార్క్ వచ్చేసరికి కందకాల్లో వాళ్లు లేరు. వాళ్లు ఇంటికి రాసిన ఉత్తరాలని సెన్సార్ చదివేది. అందుకని సంకేతాలు పెట్టుకున్నారు. నల్ల మిరియాలంటే మనవాళ్లు, ఎర్ర మిరపకాయలంటే తెల్లవాళ్లు. నల్ల మిరియాలు అయిపోవచ్చాయని రాస్తే ఇంటివాళ్లకి అర్థమయ్యేది. మన పక్షాన రెమార్క్ పుట్టలేదని బాధపడే మిత్రులకి నేను ఆ ఉత్తరాలే చూపిస్తాను.

తెలుగు ఊళ్లకి సైన్యం కొత్తేమీ కాదు. పశ్చిమ గోదావరిలో ‘మిలటరీ మాధవరం’ అని ఊరికి ఊరే ఉంది. ప్రతి పల్లెలో ఒక ‘మిలట్రీ ఆయన’ ఉంటాడు. క్యాంటీన్ రమ్ము గురించి అడుగుతాం, పెన్షన్ ఎంతొస్తుందని అడుగుతాం. అసలు సంగతి అడగం.

సెలవులో ఇంటికొచ్చిన అధ్యాయం బోరు కొట్టింది. దాటేయొచ్చా?

దాటేయకండి, నా మాట వినండి. బాంబుల సీన్లు దాటేసినా పర్లేదు.

పాల్ ఇంటికొస్తాడు. అమ్మ జబ్బుతో మంచాన ఉంది, కేన్సర్. (రెమార్క్ తల్లి 1917 సెప్టెంబర్‌లో, ఇతను ఆసుపత్రిలో ఉండగా కేన్సర్‌తోనే పోయింది. ఆమె పేరులోని ‘మరియా’నే తర్వాత తన పేరులో పెట్టుకున్నాడు.) నాన్నకి కొడుకు చేత యుద్ధం కబుర్లు చెప్పించుకోవాలని ఉబలాటం. పాల్ చెప్పలేడు. మాటల్లో పెడితే అవి పెరిగి పెద్దవై తన అదుపులో ఉండవేమోనని భయం. ఊళ్లో పెద్దమనుషులు అతనికే యుద్ధం ఎలా గెలవాలో చెప్తారు. కెమ్మరిఖ్ తల్లి దగ్గరికెళ్లి, మీవాడు బాధ పడకుండా తక్షణం పోయాడని అబద్ధం చెప్తాడు, ఒట్టు కూడా పెడతాడు. చివరి రాత్రి అమ్మ చీకట్లో వచ్చి మంచం పక్కన కూర్చుంటుంది. ఇద్దరూ పనికొచ్చే మాట ఒక్కటీ మాట్లాడుకోరు. జాగ్రత్తగా ఉండు, వెచ్చటి డ్రాయర్లు పెట్టాను, అంతే. సెలవుకి రాకుండా ఉండాల్సిందని పాల్ అనుకుంటాడు.

ఆర్మీవాళ్ల ఇంట్లో పెరిగినవాళ్లెవరికైనా ఇది తెలుసు. ‘ఛుట్టీ’లో వచ్చిన నాన్న వారం రోజులు కుళాయిలు బాగుచేస్తూ, ఫ్యాన్లు తుడుస్తూ ఉండటం నేను చూశాను.

యూనిఫాం విషయంలో అబద్ధమాడాడట కదా?

అవును. యుద్ధం అయిపోయాక లెఫ్టినెంట్ యూనిఫాం వేసుకుని, పతకం పెట్టుకుని, కుక్కతో సొంతూళ్లో తిరిగాడు. ఇతను లెఫ్టినెంట్ కాదు. ఇరవై ఏళ్ల వయసు, అమ్మ లేదు, ఉద్యోగం లేదు, ఓడిపోయిన సైన్యం. అభిమానిని కదా అని సమర్థించను. కానీ పదేళ్ల తర్వాత అదే మనిషి తన నవలలో ఒక్క వీరుణ్ణీ పెట్టలేదు. ఆ యూనిఫాం సిగ్గు కూడా అందుకు ఒక కారణమేమో అనిపిస్తుంది నాకు.

నాజీలకి ఇతని మీద అంత కక్ష ఎందుకు?

ఓడిపోయిన యుద్ధాన్ని వాళ్లు వీరగాథగా అమ్ముకుంటున్నారు. ఇతను చిక్కుడు గింజలు, పేలు, మరుగుదొడ్డి, తెగిన కాళ్ల గురించి రాశాడు. యుద్ధం నుంచి ప్రాణాలతో బయటపడ్డవాళ్లూ దాని చేతిలో నాశనమైనవాళ్లేనన్నాడు. వ్యాపారం దెబ్బతింటే ఊరుకుంటారా?

1930లో హాలీవుడ్ సినిమా వచ్చింది, ఆస్కార్ గెలిచింది. డిసెంబర్‌లో బెర్లిన్‌లో ఆట మొదలవగానే గోబెల్స్ మనుషులు హాల్లో తెల్ల ఎలుకల్ని వదిలారు, కంపు బాంబులు వేశారు. వారం తిరక్కుండా ప్రభుత్వం సినిమానే నిషేధించింది. అప్పటికింకా నాజీలు అధికారంలోకి రానేలేదు, గమనించండి. 1933 మే 10న పుస్తకాల మంటల్లో ఇతని పుస్తకాలూ కాల్చారు. అసలు పేరు క్రామర్ (Kramer) అని, అక్షరాలు తిరగేసి రెమార్క్ (Remark) అని పెట్టుకున్నాడని పుకారు పుట్టించారు. నిజానికి వాళ్లది పాత ఫ్రెంచి పేరు. మధ్యలో జర్మన్ స్పెల్లింగుకి మారితే ఇతను పాతదానికి తిరిగి వెళ్లాడు. 1938లో పౌరసత్వం తీసేశారు. స్విట్జర్లాండ్‌లో మాజోరె సరస్సు ఒడ్డున ఇల్లు కొనుక్కుని ఉన్నాడు, 1939లో అమెరికా వెళ్లాడు, 1947లో అమెరికా పౌరుడయ్యాడు.

చెల్లెలి కథ నిజమేనా?

నిజం. ఎల్ఫ్రీడ షోల్జ్ డ్రెస్‌డెన్‌లో బట్టలు కుట్టుకుని బతికేది. యుద్ధం ఓడిపోయినట్టే అని ఎవరితోనో అంది. ఇంటి ఓనరు వెళ్లి చెప్పింది. జడ్జి ఫ్రైస్లర్, మీ అన్న మా చేతికి దొరకలేదు, నువ్వు తప్పించుకోలేవు అన్నాడు. 1943 డిసెంబర్ 16న తల నరికారు. కేసు, జైలు, శిక్ష ఖర్చులన్నీ కలిపి 495 మార్కుల 80 ఫెనిగ్‌లకి బిల్లు తయారుచేసి ఇంకో చెల్లెలికి పంపారు.

రెమార్క్‌కి యుద్ధం అయ్యాకే తెలిసింది. 1952లో కాన్సంట్రేషన్ క్యాంపు మీద ‘స్పార్క్ ఆఫ్ లైఫ్’ రాసి ఆమెకి అంకితమిచ్చాడు. మా గుంపులో దీన్ని బయటికి చదవలేదు. ఎవరికివాళ్లం ఇంట్లో చదువుకున్నాం.

సినిమా చూస్తే సరిపోదా? ఏది చూడాలి?

1930 నాటిది చూడండి, నలుపు తెలుపే అయినా. అందులో పాల్‌గా వేసిన ల్యూ ఎయర్స్ రెండో ప్రపంచ యుద్ధంలో ఆయుధం పట్టనన్నాడు, వైద్య విభాగంలో పనిచేశాడు. సీతాకోకచిలుక క్లైమాక్స్ సినిమాదే, నవలలో లేదు. 2022లో వచ్చిన జర్మన్ సినిమా నాలుగు ఆస్కార్లు తెచ్చుకుంది. చప్పుడు, బురద అద్భుతం. కానీ అందులో సెలవు అధ్యాయం లేదు. సంధి చర్చల కథ కొత్తగా చేర్చారు, కాట్ చావు మార్చేశారు. అమ్మ మంచం పక్కన కూర్చునే సీను తీసేసి ఈ కథ తీయడం నాకైతే పులుసు లేని చేపల కూరలా అనిపించింది.

తర్వాత ఏం చదవాలి?

‘ద రోడ్ బ్యాక్’ 1931లోది. తిరిగొచ్చినవాళ్ల కథ, మొదటిదాన్ని మూయగానే తెరవండి. ‘త్రీ కామ్రేడ్స్’ ప్రేమకథ, ఏడిపిస్తుంది. ‘ద బ్లాక్ ఒబెలిస్క్’ నాకు ప్రాణం. 1923 జర్మనీలో సమాధి రాళ్లమ్మే కుర్రాడి కథ. పొద్దున తీసుకున్న జీతం మధ్యాహ్నానికి చిత్తుకాగితం. ఆ నవంబర్‌లో ఒక డాలరు నాలుగు లక్షల కోట్ల మార్కులు దాటింది. చావు గిరాకీ ఉన్న వ్యాపారంలో ఇంత నవ్వొస్తుందని ఊహించలేం. ‘ఆర్చ్ ఆఫ్ ట్రయంఫ్’ చాలామందికి ఇష్టం. నాకు అందులో తాగుడు ఎక్కువ, కథ తక్కువ అనిపించింది. ‘ఎ టైమ్ టు లవ్ అండ్ ఎ టైమ్ టు డై’ ఆధారంగా 1958లో తీసిన సినిమాలో ముసలి ప్రొఫెసర్‌గా రెమార్కే నటించాడు. ఆ ఏడాదే నటి పాలెట్ గొడార్డ్‌ని పెళ్లి చేసుకున్నాడు. 1970 సెప్టెంబర్ 25న లొకార్నోలో పోయాడు.

మన సాహిత్యంలో ఇలాంటిది ఉందా?

యుద్ధం కథ దూరం నుంచి రమ్యం అని మన పెద్దలే అన్నారు, దూరపు కొండల్తో కలిపి. దగ్గరికి వెళ్లి చూడాలంటే తిక్కన గారి స్త్రీపర్వం తీయండి. పద్దెనిమిది రోజుల యుద్ధం అయిపోయాక గాంధారి శవాల మధ్య నడుస్తూ ఒక్కొక్కరినీ గుర్తుపడుతుంది. రెమార్క్ ఆసుపత్రి అధ్యాయం పక్కన పెట్టి ఒక ఆదివారం చదివాం. టీచరమ్మ ఒకావిడ పద్యం మధ్యలో ఆగిపోయారు. మిగతాది సుబేదారు గారు అందుకున్నారు, పుస్తకం చూడకుండా. ఆయనకి పద్యాలొచ్చని అప్పుడే తెలిసింది.

సర్వీసులో ఉన్నవాళ్లు రాయొచ్చా?

సైన్యంలో ఉన్నంతకాలం సర్వీసు విషయాల మీద అచ్చుకిచ్చే ముందు పైవాళ్ల అనుమతి కావాలి. రిటైరయ్యాక కూడా రహస్యాల చట్టం అందరికీ వర్తిస్తుంది. లంగర్‌లో అన్నం మిగిలిన సంగతి రహస్యం కిందికి రాదనే నేననుకుంటున్నాను.

మీ నాన్నగారిని 1971 యుద్ధం గురించి అడగొచ్చా?

అడక్కండి. ఆయన అప్పుడు పంజాబ్ సరిహద్దులో మైన్లు తీశారు. బోర్లా పడుకుని, ఇనప కమ్మీని ఏటవాలుగా మట్టిలోకి దించి, గట్టిగా తగిలితే ఆగి, చేత్తో మట్టి తీసే పని. మాకు తెలిసింది అంతవరకే. అదీ కొత్తిమీర మడిలో కలుపు తీస్తూ, ఇదిగో ఇలా అని చేసి చూపించబట్టి.

వస్తే పక్కన కూర్చోండి. లైబ్రరీ వైపు గేటు దగ్గర ఫిల్టర్ కాఫీ దొరుకుతుంది, చక్కెర తక్కువ వేయించి ఒకటి తెచ్చివ్వండి. పోయిన నెల ఒక ఆదివారం అందరూ వెళ్లిపోయాక ఆయనంతట ఆయనే, “ఆ రోజు పదకొండు మంది రాలేదు లంగర్‌కి,” అని మొదలుపెట్టారు. మారతహళ్లి నుంచి వచ్చే కుర్రాడు, పాపం మంచివాడే, గబుక్కున ఫోను తీసి రికార్డింగు నొక్కాడు. నాన్న ఆ ఫోను వైపు చూశారు. “బీన్స్ కిలో ఎనభై అయిందట్రా, చూశావా?” అన్నారు.

ఫోన్లు బ్యాగులో పెట్టుకుని రండి.